ఒక భాషకి ఒక సాయంత్రం

దర్జీ కత్తెర కోసం కూడా వెతుక్కోలేదు. కవరుని పళ్ళతోనే చించాడు. సాంస్కృతిక శాఖ ముద్ర ఉన్న కవరు మరి! రెండు నెలలుగా దాని కోసమే కళ్ళు కాయలు కాచేలా చూస్తున్నాడు.

తీరా చూస్తే అది అతని దరఖాస్తుకి జవాబు కాదు.

'మీ భాషలో ప్రదర్శన కోరుతూ ఒక దరఖాస్తు వచ్చింది. దయచేసి పరిశీలించి మార్కులు వేయగలరు' అని ఉంది. ఎప్పుడో పదకొండేళ్ళ కిందట భాషలు తెలిసినవాళ్ళ జాబితాలో పేరు రాయించుకున్నాడు. ఇన్నాళ్ళూ పిలిచిన పాపాన పోలేదు. వాళ్ళకి ఇప్పుడు గుర్తొచ్చాడన్నమాట.

విసుగ్గా కాగితం పక్కన పడేశాడు. మళ్ళీ ఎందుకో తీశాడు. ఈసారి ఒక్కొక్క మాటా కూడబలుక్కుని చదివాడు.

మీ భాషలో! అంటే ఈ నగరంలో తన భాష మాట్లాడే మనిషి ఇంకొకరున్నారు!

అతని కొట్టున్న వీధిలో తొమ్మిది భాషలు వినిపిస్తాయి, అతనిది తప్ప. నాలుగేళ్ళ కిందట భార్య పోయింది. ఆమెతో పాటే ఇంట్లో మాటా పోయింది. అప్పటినుంచి తన భాషలో కుట్టు మిషనుతోనే మాట్లాడుకుంటున్నాడు. అది ఎదురు చెప్పదు. అదే దానితో వచ్చిన బాధ.

ఆ బాధతోనే రెండు నెలల కిందట శాఖ ఆఫీసుకి వెళ్ళాడు. నగరంలోని ప్రతి భాషకీ ఏడాదికొక సాయంత్రం చిన్న హాలు ఇస్తారు. పెద్దా చిన్నా తేడా లేదు. "మా అమ్మ పాడిన పాటలమ్మా. నోరు పనిచేస్తుండగానే ఒక్కసారి నలుగురి ముందూ పాడాలని ఉంది. నా భాష తెలిసినవాళ్ళు ఒక్కరైనా వస్తారేమో అని ఆశ" అన్నాడు. కౌంటర్లోని అమ్మాయి అతను చెప్పిందంతా విని, కంప్యూటర్లో ఎక్కించి, రసీదు చేతిలో పెట్టింది.

ఇప్పుడు చూస్తే పోటీకి ఇంకొకరు!

కాగితంలో పేరు, వయసు, నంబరు నల్లసిరాతో కొట్టేసి ఉన్నాయి. పక్షపాతం రాకూడదట. మిగిలింది ఒక్క వాక్యం: 'అంతరించిపోతున్న మౌఖిక సంప్రదాయ గాన ప్రదర్శన. కళాకారులు ఒకరు. వ్యవధి ఒక గంట.'

అబ్బో, ఎవరో బాగా చదువుకున్న మనిషే అనుకున్నాడు. 'ఒకరు' అన్నచోట వేలు ఆగిపోయింది. పాపం, తనలాగే ఒంటికాయ శొంఠికొమ్ము.

పక్కకొట్టు మంగలికి కాగితం చూపించాడు. అతనిది వేరే భాష, వేరే గోల. అయినా కష్టసుఖాలు చెప్పుకునేది అతనితోనే.

"ఒక భాషకి ఒక్క సాయంత్రమే కదా ఇచ్చేది?" అన్నాడు మంగలి, కత్తి తుడుచుకుంటూ.

"ఒక్కటే."

"ఇంకేం మరి! సున్నా వేసి పంపెయ్. హాలు నీదే. వడ్డించేవాడు మనవాడైతే కడబంతిలో కూర్చున్నా ఫర్వాలేదంటారు. ఇక్కడ వడ్డించేదే నువ్వాయె!"

"ఛీ, నోరు ముయ్యి!" దర్జీకి నిజంగానే కోపం వచ్చింది. "నాలుగేళ్ళ తర్వాత నాకొక మనిషి దొరికితే, ఆ మనిషి గొంతు నేనే నొక్కుతానా?"

"సరదాకన్నానయ్యా బాబూ. అంతలోనే మీద పడతావేం?"

ఆ రోజు దర్జీ ఒక్క గుండీ కూడా కుట్టలేదు. కాగితం ముందు పెట్టుకుని కూర్చున్నాడు. పాటలు తనకీ ఉన్నాయి, పాడాలన్న ఆశా ఉంది. కానీ పాడితే వినేది ఎవరు? అదే వింటే? నాలుగేళ్ళ తర్వాత తన భాష ఇంకొకరి నోట! తల్చుకుంటేనే కళ్ళు నిండాయి.

ప్రతి గడిలోనూ పదికి పది వేశాడు. కింద 'అభిప్రాయం' అన్నచోట రాశాడు: 'ఈ మనిషిని తప్పకుండా పాడనివ్వండి.'

మర్నాడు పొద్దున్నే కాగితం పోస్టులో వేసి, అటునుంచి అటే శాఖ ఆఫీసుకి వెళ్ళి రసీదు కౌంటర్ మీద పెట్టాడు.

"నా దరఖాస్తు వెనక్కి తీసుకుంటానమ్మా."

"అదేంటి తాతగారూ! రెండు నెలలుగా గడప అరిగేలా తిరిగారు కదా?"

"నాకంటే బాగా పాడేవాళ్ళున్నారులే." అతని మొహం వెలిగిపోతోంది. "ఆ కార్యక్రమం ఏ రోజో మాత్రం చెప్పు తల్లీ. ముందు వరసలో కూర్చుంటాను."

"ఏ కార్యక్రమమో ఏమోనండీ. దరఖాస్తులు తీసుకోవడం వరకే మా పని. మిగతాదంతా పై అంతస్తు వాళ్ళది, మాకేమీ చెప్పరు. ఇక్కడ సంతకం పెట్టండి."

పెట్టాడు.

ఇంటికొచ్చి, పెళ్ళిలో వేసుకున్న కోటు బయటికి తీశాడు. భుజాల దగ్గర వదులైంది. తనే విప్పి, తనే బిగించి కుట్టుకున్నాడు. ఇస్త్రీ చేసి తగిలించాడు. తర్వాత అద్దం ముందు నిలబడ్డాడు. కనబడగానే ముందు ఏమని పలకరించాలి? అన్నా అనాలా, అక్కా అనాలా? ఇన్నాళ్ళ తర్వాత మాట తడబడితే నవ్విపోతారు. అందుకని తన భాషలో రెండూ అనుకుని చూసుకున్నాడు. గొంతు సవరించుకుని మళ్ళీ అన్నాడు.

ఆ వారంలోనే పై అంతస్తు గుమాస్తా ఆ భాష ఫైలు మూసేస్తూ చివరి పేజీలో రాశాడు: 'ఈ భాష నుంచి ఈ ఏడు వచ్చిన ఒకే ఒక్క దరఖాస్తుకి పూర్తి మార్కులు పడ్డాయి గానీ, దరఖాస్తుదారుడే దాన్ని వెనక్కి తీసుకున్నాడు.'