నలభై మూడో పేజీ

మూడో వరుసలో ఆమెను చూడగానే రచయితకు మాట తడబడింది.

"రాబోయే నగరాల్లో..." అని మొదలుపెట్టి ఆగాడు. మంచినీళ్ల గ్లాసు అందుకున్నాడు. గ్లాసు ఖాళీగా ఉంది. అయినా తాగాడు.

ఆమె లెక్కల టీచరు. అతని సభకు రావడం ఇది ఆరోసారి. రెండోసారి తర్వాత పుస్తకాల షాపువాళ్లు ఆమెను ఆపడానికి తలుపు దగ్గర ఒక మనిషిని పెట్టి చూశారు. కానీ ఆమె గొడవ చేయదు, గొంతు పెంచదు, చేతిలో అతని పుస్తకమే ఉంటుంది. ఏమని ఆపుతారు?

రచయిత అల్లాటప్పా మనిషేం కాదు. సైకిల్‌ను నెత్తిన పెట్టుకుని ఒక పుస్తకం, కార్ల మీద దుమ్మెత్తిపోస్తూ ఇంకొకటి, రేపటి నగరం ఎలా ఉండాలో చెబుతూ మూడోది రాశాడు. ఆ మూడోది 'చప్పుడు లేని ఊరు'. అది చదివి కుర్రకారు బైకులు అమ్మేసి సైకిళ్లు కొనుక్కున్నారు. టీచరుగారి అమ్మాయి కూడా చదివింది. పంతొమ్మిదేళ్ల పిల్ల. ఒక్కగానొక్క కూతురు.

ప్రశ్నలు అడగవచ్చని చెప్పగానే ఆమె లేచింది. మైకు అక్కర్లేదంది. పుస్తకం తెరిచి, వెనక బెంచీ దాకా వినపడే గొంతుతో నలభై మూడో పేజీ చదివింది.

"బెల్లంటే హారన్‌కి చెల్లెలే. రేపటి నగరంలో ఆ రెండూ ఉండవు. ఈ రోజే మీ సైకిల్ బెల్లు విప్పి పారేయండి. మీ మర్యాద చూసి కార్లు కూడా మర్యాద నేర్చుకుంటాయి."

పుస్తకం మూసింది.

"మా అమ్మాయి విప్పేసిందండీ. స్క్రూడ్రైవరు వెతికిచ్చింది నేనే. తొమ్మిదో రోజు పొద్దున, వెనక్కి వస్తున్న కారు కింద పడిపోయింది. బెల్లుంటే కొట్టేది. కొడితే కారులోకి వినపడేది. మీ కార్లు ఏం మర్యాద నేర్చుకున్నాయో కాస్త చెప్తారా?"

అని కూర్చుంది. ఆరుసార్లూ అదే పేజీ, అవే మాటలు.

మొదటిసారి అతను సానుభూతి చెప్పాడు. రెండోసారి ఏవేవో దేశాల లెక్కలు చెప్పబోయాడు. లెక్కల టీచరు దగ్గరా లెక్కలు! మూడోసారి కళ్లు తుడుచుకున్నాడు. నాలుగోసారికి సగం కుర్చీలు ఖాళీ. కాలేజీలు అతన్ని పిలవడం మానేశాయి. షాపుల్లో ముందు బల్ల మీద ఉండే పుస్తకం వెనక అరల్లోకి పోయింది. మనిషి కూడా సగమైపోయాడు. చొక్కా వదులై భుజాల మీద నుంచి జారుతోంది.

అది చూసి ఆమెకు సంతోషం కలిగింది. దాచుకోవడం దేనికి, పండగలాగే ఉంది. అతను మళ్లీ కలం పట్టకూడదు, ఆ పుస్తకం మరో పిల్ల చేతిలో పడకూడదు. కూతురు పోయిన పదహారో రోజున ఆమె పట్టిన పంతం అది.

భర్త ఒకసారి చెప్పి చూశాడు.

"ఇంక వదిలేయవే. ఆయన పుస్తకం రాశాడు, అంతేగా. ఊరికే ఆయన ప్రాణం తోడేస్తున్నావు."

"ఆయన రాయకపోతే దానికి ఆ బుద్ధి పుట్టేదా? బెల్లు ఉండేది కదా?"

"నిజమే. కానీ ఆ రోజు..."

"ఆ రోజు సంగతి ఎత్తొద్దు."

అతను అమ్మాయి గదిలోకి వెళ్లి తలుపేసుకున్నాడు. మళ్లీ ఆ మాట ఇంట్లో రాలేదు. కలిసి తింటారు, టీవీ పెట్టుకుంటారు, దాని వంక చూడరు.

ఇప్పుడు సభలో అందరూ రచయిత ఏమంటాడా అని చూస్తున్నారు. అతను కాగితాలు మడిచి జేబులో పెట్టుకున్నాడు.

"ఆవిడ చెప్పిందే నిజం. ఆ పేజీ రాసేటప్పుడు నాకు నగరం కనపడింది గానీ అందులో మనుషులు కనపడలేదు. మాట బాగుందని రాసేశాను. మిగిలిన కాపీలన్నీ వెనక్కి తెప్పించమని పబ్లిషరుగారికి చెప్పాను. రేపు గుజ్జు చేయడానికి కాగితం మిల్లుకి పోతాయి. ఇకమీదట నేను రాయను."

ఎవరూ చప్పట్లు కొట్టలేదు. వేదిక దిగేటప్పుడు అతను మెట్టు తప్పితే పబ్లిషరు వచ్చి రెక్క పట్టుకున్నాడు. ఆమె కళ్లార్పకుండా చివరిదాకా చూసింది. తర్వాత సంచీ సర్దుకుని లేచింది.

గుమ్మం దగ్గర రచయిత వెనకే వచ్చాడు.

"టీచరుగారూ, ఒక్క మాట. ఆరుసార్లు వచ్చారు, ఆరుసార్లూ నన్నే నిలదీశారు. తప్పు నాదే, కాదనను. కానీ ఆ కారు నడిపినవాళ్ల ఊసు ఒక్కసారీ ఎత్తలేదు. వాళ్లని క్షమించేశారా?"

"లేదు," అందామె. "ఈ జన్మలో క్షమించను."

"మరి నా మీదే ఎందుకండీ ఇంత కసి?"

"ముందు మీ సంగతి తేల్చుకుందామనుకున్నాను. అది అయిపోయింది. ఇంక వాళ్ల వంతు."

ఆ గొంతు విని అతను ఒక అడుగు వెనక్కి వేశాడు. ఆ కారు మనిషెవరో గానీ పాపం అనిపించింది.

ఆమె మెట్లు దిగి, బస్సు కోసం రోడ్డు దాటింది.

ఆ రోజు పొద్దున, బడికి వేళ మించిపోతోందన్న కంగారులో, గేటులోంచి కారును వెనక్కి తీసింది ఆమే.