దోమల పరీక్ష

"తలమీది ఆ దోమల వల తీసెయ్ అబ్బాయ్. చొక్కా చేతులు కూడా పైకి మడుచుకో" అన్నాడు పపాకో.

ఆ కుర్రవాడు అటూ ఇటూ చూశాడు. మంచు కరిగి నిలిచిన మడుగు ఒడ్డున తనను కూర్చోబెట్టారు. అడుగున ఇంకా మంచుగడ్డ ఉన్న ఆ నీళ్లలోంచే దోమలు పుట్టుకొస్తున్నాయి. పొద్దుటినుంచీ వీచిన గాలి ఇప్పుడే పడిపోయింది. దానికోసమే ముసలాయన ఓపిగ్గా కాచుక్కూర్చున్నాడు.

"ఎందుకు బాబాయ్?"

"బాబాయినో కాదో తేలాలిగా! ఈ టుండ్రాలో పుట్టినవాణ్ణి ఎన్ని దోమలు కుట్టినా ఒంటిమీద దద్దురు లేవదు. పైవాళ్లయితే బూరెల్లా పొంగుతారు. మా అన్న కొడుకువే అయితే నీకు భయమెందుకు?"

గుడారం ముందు తడినాచుతో పొగ వేస్తున్న హాద్నే తలెత్తలేదు. భర్త పోయినప్పటినుంచీ ఆమె జింకల మందను తన మందలో కలిపేసుకోవాలని మరిది పపాకో చూస్తున్నాడు. మగదిక్కు లేనిదానివి, ఊళ్లో ముసలివాళ్ల ఆశ్రమంలో చేరమని ఒకటే పోరు. ఆ నాలుగు గోడల మధ్యకు వెళితే బతకనని ఆమె ఏడ్చినా వినలేదు. సరిగ్గా అప్పుడే ఇతను వచ్చాడు. చిన్నప్పుడు హెలికాప్టర్లో పట్నం బడికి వెళ్లి మరి తిరిగిరాని కొడుకు ఎదేయ్కోని నేనేనన్నాడు.

అతను వల తీశాడు. దోమలు కమ్ముకున్నాయి. కొట్టుకోకుండా పళ్లు బిగపట్టాడు. వచ్చినప్పటినుంచీ హాద్నే తనతో నాలుగు మాటలైనా మాట్లాడలేదు. ఆమెకూ అనుమానమేనా? ఆ భయం ముందు దోమకాటు ఏపాటిది!

కాసేపటికి బుగ్గలు ఉబ్బి కళ్లు పూడుకుపోయాయి.

"చూశావా వదినా!" పపాకో తొడ చరిచాడు. "వీడు దొంగ! రేపే నిన్ను ఊళ్లో దింపేసి మందను తోలుకుపోతాను."

"పట్నంలో ఉండి ఉండి ఒంటికి అలవాటు తప్పింది..." అతను గొణిగాడు. తన మాట తనకే అతికినట్టు లేదు.

హాద్నే లేచి వచ్చింది. అతని గడ్డం పట్టుకుని పైకెత్తి, ఆ ముఖాన్ని చాలాసేపు చూసింది.

"పసివాడప్పుడూ ఇంతే. ఒక్క దోమ కుడితే చాలు, ఇలాగే ఉబ్బేవాడు. మీ అన్న వీణ్ణి భుజానేసుకుని పొగ చుట్టూ తిరిగేవాడు. కన్నదాన్ని నేనా, నువ్వా?"

"సరిగ్గా చూడు వదినా..."

"చూశానులే. నా గుడారానికి దిక్కొచ్చింది. నీ మంద సంగతి నువ్వు చూసుకో మరిదీ."

పపాకో బండెక్కి, కోపమంతా జింకలమీద చూపిస్తూ వెళ్లిపోయాడు.

అతనికి ఏడుపు ఆగలేదు. హాద్నే అతణ్ణి లోపలికి తీసుకెళ్లి, ముఖానికి మెల్లగా చేపనూనె రాసింది. మరిది బండి చప్పుడు పూర్తిగా దూరమయ్యేదాకా ఆగింది.

"ఇప్పుడు చెప్పు నాయనా, నీ పేరేంటి?"