తల మునిగే లోతు

మేక ఒకటి ఉప్పుకాలువలోకి దిగి, తాపీగా నడుచుకుంటూ అవతలి గట్టెక్కింది. దాని పొట్ట కూడా తడవలేదు.

గట్టు మీద నిలబడ్డ నలుగురూ దాన్నే చూశారు. నరేంద్రబాబు చూపు మాత్రం మేక మీది నుంచి మామగారి మీదికి మళ్లింది.

"ఇదేనా మామా, మీరు ఈదిన కాలవ?"

చెంచురామయ్య గొంతు సవరించుకున్నాడు. కాలువ ఇదే కానీ నీళ్లు ఇవి కావన్నాడు. ఆ రోజుల్లో నిలబడి చూస్తే ఇవతలి గట్టు అవతలికి కనిపించేది కాదట. నీళ్లు సుడులు తిరిగేవట. పక్కనే నిలబడ్డ భార్య వెంకటశేషమ్మను పెళ్లికి ముందు ఒక్కసారి చూసుకుందామని దిగితే తల మునిగిపోయిందట.

పెళ్లయిన దగ్గర్నుంచి నరేంద్రబాబుకు ఈ కాలువతో పెద్ద చావే వచ్చిపడింది. "మా నాయన మాయమ్మ కోసం కాలవ ఈదినాడు. నువ్వు నాకోసం కోవూరు బస్టాండు దాకా రాలేవా?" అంటుంది భానుప్రియ. అందుకే దొరవారిసత్రంలో చుట్టాల పెళ్లి కాగానే, పట్టుబట్టి అందర్నీ కారెక్కించి ఇక్కడికి తెచ్చాడు.

ఇప్పుడు ప్యాంటు మోకాళ్ల దాకా మడిచి తనే దిగాడు. అవతలికి పోయి, మేకను పలకరించి, తిరిగొచ్చాడు. మడత తడవలేదు.

"పూడిపోయింది అల్లుడూ," అన్నాడు చెంచురామయ్య, నీళ్ల వైపు చూడకుండా.

"పూడితే లోతు తగ్గుతుంది మామా. గట్లు దగ్గరికి జరగవు గదా."

భానుప్రియ మొహం చిన్నబోయింది. ఈ కాలువ పోతే ఇక మొగుణ్ణి బస్టాండుకు రప్పించే మాట ఆమె దగ్గర ఇంకొకటి లేదు. తల్లి చెయ్యి పట్టుకుంది.

"ఆ రోజు నువ్వు ఈ గట్టు మీదనే ఉండావంట గదమ్మా. చెప్పు."

వెంకటశేషమ్మ కొంగు దోపుకొని, కాలువను ఆ కొస నుంచి ఈ కొసకు చూసింది.

"తల మునిగింది నిజమే నాయనా. నా కళ్లతో చూసినాను."

చెంచురామయ్య ఛాతీ విరుచుకున్నాడు. భానుప్రియ మొగుడి వైపు చూసిన చూపులో కోవూరు బస్టాండు మళ్లీ కనిపించింది. నరేంద్రబాబు మడిచిన ప్యాంటు మెల్లగా దించుకున్నాడు.

"అయితే అప్పుడు అంత లోతుండేదా అత్తా?"

"అప్పుడూ మోకాటి లోతే," అంది వెంకటశేషమ్మ. "మా నాయన దుడ్డుకర్ర తీసుకొని గట్టెక్కేసరికి, ఈయన అందులో పండుకున్నాడు."