మాటకు మొప్పలు

"మావా, ఆ ఆకు పుచ్చుకోకు."

ఆదినారాయణ చాచిన చెయ్యి అక్కడే ఆగిపోయింది. అరుగు మీద కూర్చున్న, కూలీలను ఓడెక్కించే కోరంగి మేస్త్రి చేతిలో తాంబూలం అలాగే ఉండిపోయింది. ఆ తాంబూలం అందుకుంటే మాట ఇచ్చేసినట్టే. మాట ఇస్తే ఓడెక్కినట్టే. ఆ ఓడ వెళ్లేది సముద్రం అవతల చెరకు తోటల దీవికి. ధవళేశ్వరంలో ఆనకట్ట పని ముగిసి, మగాళ్లంతా మళ్లీ వలలు పట్టుకున్న ఏడాది అది. అల్లవరంలో ఏ గుమ్మంలో చూసినా ఇలాంటి మేస్త్రీలే.

పెరట్లో చేపలు తోముతూ ఆ కేక వేసిన వీరవేణి చేతులు కడుక్కుని వచ్చి మొగుడి పక్కన నిలబడింది. మొప్ప ఎత్తి చూడందే ఆవిడ చేపను బుట్టలో వేయదు. మాటనైనా అంతే. ఎవరేమన్నా దాని కింద ఏముందో ఎత్తి చూడాలి, అంతవరకూ ఆవిడకు అన్నం సయించదు.

"ఇందాకట్నుంచీ వింటున్నానండి. అక్కడికెళ్లినవాళ్లలో ఒక్కడూ తిరిగొస్తానని అన్లేదన్నారు కదా?"

"ఆయ్. ఒక్కడంటే ఒక్కడు అన్లేదమ్మా. అంత సుఖం."

"అన్లేదని మీకెలా తెలిసిందండి? ఎవరైనా తిరిగొచ్చి చెప్పేరా?"

మేస్త్రి నవ్వబోయి మానేశాడు.

"పోనీ, ఇంకోటి. ఓడలో చోట్లు ఎక్కువ మిగల్లేదు, ఇప్పుడే తేల్చమన్నారు. జనం అంతలా ఎగబడతంటే, ఈ బురదలో పడి మా గుమ్మం దాకా ఎందుకొచ్చేరండి?"

"మీ ఆయన మంచి పనిమంతుడని అందరూ అంటంటే విని వచ్చేనమ్మా."

"ఆ అందర్లో ఒకరి పేరు చెప్పండి."

మేస్త్రి మీసం దువ్వుకుని ఆదినారాయణ వైపు తిరిగాడు.

"ఏవయ్యా, ఇంట్లో ఆడాళ్లు ఒప్పుకుంటే గాని కాలు బయట పెట్టవా? మగాడివేనా?"

ఆదినారాయణ మొహం ఎర్రబడింది. చెయ్యి మళ్లీ తాంబూలం మీదికి వెళ్లింది. సుఖమన్నప్పుడు ఆగినవాడు ఈ ఒక్క మాటకు లొంగిపోయేలా ఉన్నాడు.

"అదీ అలాంటి మాటే మావా. కోపం తెప్పిస్తే నువ్వు ఆలోచించవని. పొడిచేది నీ పౌరుషాన్ని, పట్టుకుపోయేది నిన్ను."

ఆదినారాయణ చెయ్యి వెనక్కి తీసుకుని పంచెకు తుడుచుకున్నాడు.

"నేను రానండి," అన్నాడు.

మేస్త్రికి కోపం రాలేదు. అదే వింత. తాంబూలం తనే నోట్లో వేసుకుని, తలపాగా తీసి ఒళ్లో పెట్టుకుని తీరిగ్గా కూర్చున్నాడు.

"ఎన్నో ఊళ్లు తిరిగేను తల్లీ. నా మాటల్ని ఇలా విప్పి చూపించినోళ్లు లేరు. ఏవనుకోకపోతే ఒకటడుగుతాను. నిజం మనిషైతే ఎలా మాట్లాడతాడండి?"

ఆ ప్రశ్న వీరవేణికి నచ్చింది. ఇన్నాళ్లూ మాటల్లో కుళ్లు చూడటమే గాని, మంచి మాట ఎలా ఉంటుందో ఆవిడను అడిగినవాళ్లు లేరు. తోముతున్న చేపల సంగతి మరిచిపోయి గుమ్మంలో చతికిలబడింది.

"కష్టం ముందు చెప్తాడండి. ఎండ ఉంటాది, జొరాలుంటాయి, కొందరు మళ్లీ రారు అంటాడు. తొందరేం లేదు, ఆలోచించుకోండి అంటాడు. ఇంట్లో ఆడాళ్లని అడిగి రండి అంటాడు. అలాటోణ్ణయితే నమ్మచ్చండి."

"ఆయ్, ఆయ్," అంటూ మేస్త్రి బుద్ధిగా తలూపాడు. "మీ పుట్టింటోళ్లూ మీ అంత తెలివైనోళ్లేనా అండి?"

"ఉన్నది ఒక్క తమ్ముడండి, దుర్గయ్య. దిండిలో పడవ నడుపుతాడు. వాడికింత ఆరా లేదు. నన్నడక్కుండా మాత్రం అడుగు వెయ్యడు."

ఆ మాట అంటుంటే వీరవేణి గొంతు మెత్తబడింది. తల్లి పోయాక వాణ్ని చంకనేసుకుని పెంచింది తనే.

ఎలాంటివాడైనా ఇంటికొచ్చిన మనిషిని వట్టి చేతులతో పంపకూడదు. ఆకులో వక్క పెట్టి మడిచి, పైన మొగలిరేకుతో ముడి వేసి ఇచ్చింది. తాంబూలాన్ని అలా మొగలిరేకుతో కట్టేది ఆ చుట్టుపక్కల వీరవేణి ఒక్కతే. మేస్త్రి దాన్ని కళ్లకద్దుకున్నాడు. నోట్లో ఆకు ఉందని చెప్పి, జాగ్రత్తగా సంచిలో పెట్టుకుని వెళ్లిపోయాడు.

"పాపం, మనిషి చెడ్డవాడు కాడేమో మావా. అడిగి నేర్చుకున్నాడు," అంది వీరవేణి.

పౌర్ణమి వెళ్లాక ఒక పొద్దున్న దుర్గయ్య పెళ్లాం గంగమ్మ పడవ దిగి వచ్చింది. ఒక్కతే వచ్చింది.

"తమ్ముడేడే?"

"అదేంటండి వదినగారూ, మీకు తెలీదా? పౌర్ణమి పోటుకి ఓడెక్కి వెళ్లిపోయేరండి."

వీరవేణి అరుగు అంచు పట్టుకుని కూర్చుంది. "ఎవడు ఎక్కించేడే?"

"ఎవరో మేస్త్రిగారండి. మిగతా మేస్త్రీల్లాగ కాదు. ఎండలూ జొరాలూ అన్నీ ముందే చెప్పేసేరు. తొందరేం లేదు, ఇంట్లో అడిగి రమ్మన్నారు. మా వదినగారిని అడగాలండీ అన్నాను నేను. ఆవిడ దగ్గర్నుంచే వస్తన్నాను, ఈ మాటలన్నీ ఆవిడ చెప్పినవే అన్నారు. అయినా మీ తమ్ముడు నమ్మలేదండి."

"నమ్మలేదా?" వీరవేణికి పోయిన ప్రాణం కాస్త లేచి వచ్చింది.

"ఎంతకీ నమ్మలేదండి. అప్పుడా మేస్త్రిగారు సంచిలోంచి మీ మొగలిరేకు తాంబూలం తీసి ఆయన చేతిలో పెట్టేరు."