అందరి మాటే నా మాట

మా చేనేత సంఘం మీటింగులకి ఇప్పుడు మనుషులెవరూ వెళ్లరు. ప్రతి సభ్యుడికీ ఫోనులో ఒక ప్రతినిధి ఉంది. పాత మీటింగుల్లో మనం మాట్లాడిన తీరంతా విని నేర్చుకుని, మన గొంతుతోనే మాట్లాడి ఓటేసి వస్తుంది. మనం హాయిగా మగ్గం మీద కూర్చోవచ్చు.

సోమవారం పొద్దున అద్దకం పనిచేసే రత్తాలు వచ్చి నా మగ్గం పక్కన నిలబడింది. ఆమె వేళ్లకి నీలం రంగు ఇంకా వదల్లేదు.

"అద్దకం షెడ్డు మూసేత్తన్నారంట అన్నయ్యా. ఇకమీదట రంగేసిన నూలు బయటి నుంచే తెత్తారంట. నువ్వూ ఊఁ కొట్టావంట గదా?"

"నేనా? నీ పని పోతుంటే నేనెందుకు ఊఁ కొడతానమ్మా! ఆ ప్రతినిధి ఏదో తప్పు చేసుంటుంది," అని ఆమె ముందే ఫోనులో ఆ మీటింగు రికార్డింగు పెట్టాను.

మూసేద్దామని అధ్యక్షుడి ప్రతినిధి అంది. అందరూ సరేనన్నాక, చివర్న నా ప్రతినిధి అచ్చం నాలాగే గొంతు సవరించుకుని, "అందరి మాటే నా మాట," అంది.

రత్తాలు ఆశ్చర్యపోలేదు. మనుషులు మీటింగులకి వెళ్లే రోజుల్లో ఆమె నా వెనక బెంచీలోనే కూర్చునేది.

తలెత్తలేక, ఫోనులో అభ్యంతరం బటన్ నొక్కాను. 'మీ సొంత అభిప్రాయం చెప్పండి' అని తెర మీద పడింది.

గొంతు సవరించుకున్నాను.

"ఇంతకీ రత్తాలూ, ఇంకెవరన్నా అభ్యంతరం పెట్టారా?" అన్నాను.

ఆమె ఫోను వైపూ నా వైపూ మార్చి మార్చి చూసింది.