సన్యాసమ్మ కన్నీళ్లు

ఆ రోజు ఇంట్లో సన్యాసమ్మ, ఆమె కోడలు గౌరి ఉన్నారు. ఫోను పట్టుకుని గడపలో నిలబడ్డది పక్కింటి ఈశ్వరి.

నిప్పున్న కొస నోట్లో పెట్టుకుని చుట్ట కాల్చీ కాల్చీ సన్యాసమ్మ బుగ్గలు లోపలికి పోయాయి. దాంతో ఓటర్ల ముఖాలు సరిచూసే కెమెరా ఆమెను గుర్తుపట్టడం మానేసింది. ఈవిడే సన్యాసమ్మ అని ఊరివాళ్లంతా చెబుతుంటే, ఈశ్వరి ఫోనులో డాక్యుమెంటరీ తీసి ఎన్నికల ఆఫీసుకు పంపింది. అందులో ముసలమ్మ పకపకా నవ్వుతూనే మాట్లాడింది. చూసేవాళ్లకు జాలి కలగదేమోనని, పంపేముందు ఆ ముఖాన్ని ఇంకాస్త బాధగా చెయ్యమని ఈశ్వరి ఫోనులోని ఏఐకి చెప్పింది. అది రెండు కన్నీటి చుక్కలు చేర్చింది.

ఆఫీసు యంత్రం ఆ చుక్కల్ని పట్టేసింది. ఫిల్ములోని మనిషే కల్పితమని ఓటర్ల జాబితాలోంచి పేరు పూర్తిగా కొట్టేసింది.

"మొన్నటిదాకా మొకం తేడా అన్నారు. ఇప్పుడు మా అత్త మనిసే కాదంట!" అంది గౌరి.

ఈశ్వరి మళ్లీ ఫోను పైకెత్తింది. "ఆ కన్నీల్లు నానే ఎట్టించినాను మామ్మా. మల్లీ తీస్తాను."

"ఓట్లు రేపే కదేటి?" అంది గౌరి.

సన్యాసమ్మ నోట్లోంచి చుట్ట తీసింది. "మా ముసిలోడు పోయిన నాడే నానేడవనేదు. ఓటు కోసం ఏడుత్తానా? నా మొకం నీకూ సాలనేదేటే?"

మెల్లగా లేచి వచ్చి, ఈశ్వరి ముఖం మీదే తలుపు వేసేసింది.