ధిక్కారికొక టోకెన్

"సంతకం పెట్టండమ్మా, మీకు పుణ్యముంటుంది!" అని రిజిస్ట్రారు బతిమాలాడు.

ఇంటిని ఈ టీచరమ్మ పేరిట మార్చమన్న కోర్టు ఉత్తర్వును రెండేళ్లు తొక్కిపట్టిన మహానుభావుడాయన. పేరు మార్చిన పత్రం ఆమెకు అందినట్టు అయిదు గంటలలోగా రసీదు దాఖలు చేయకపోతే, కోర్టు ధిక్కారానికి జైలు తప్పదని జడ్జిగారు ఆ ఉదయమే సెలవిచ్చారు.

టీచరమ్మ కళ్లజోడు సవరించుకుంది. "టోకెన్ తీసుకున్నారా?"

"నా ఆఫీసులో నాకు టోకెనేమిటమ్మా!"

"రూలు రూలే బాబూ. మీరు చెప్పిందేగా."

దస్తావేజుల సామ్రాజ్యానికి ఏకచ్ఛత్రాధిపతి తన గుమాస్తా ముందే చేయి చాచి, డెబ్బై రెండో నంబరు పుచ్చుకుని, జనం పకపకల మధ్య ఆమె పక్కన బెంచీ మీద కూలబడ్డాడు. బెంచీ కిర్రుమని ఒరిగింది.

"ఇటు జరగండి, దానికో కాలు పొట్టి. మొదట్లో నేనూ పడ్డాను."

ఆయన టైము చూడబోయాడు. గడియారానికి స్తంభం అడ్డం. "ఇక్కణ్ణుంచి కనబడదే!"

"కనబడదు. మీరు రేపు రమ్మంటేనే మాకు సాయంత్రమైనట్టు."

ఏలిక ఆ స్తంభాన్నీ, బెంచీ పొట్టి కాలునూ మార్చి మార్చి చూశాడు. అది గమనించి, టీచరమ్మ రసీదు లాక్కుని సంతకం చేసింది.

ఆయన మాత్రం కోర్టుకు పరుగెత్తలేదు. "ఆ గడియారం ఈ గోడకు మార్చవయ్యా!" అని గుమాస్తాను కేకేశాడు.

"రేపు చూద్దామండీ," అన్నాడు గుమాస్తా, అలవాటుగా.

రబ్బరు స్టాంపుకు మించిన బరువెరుగని ప్రభువు తానే కుర్చీ ఎక్కి గడియారం దింపాడు. నాలుగూ నలభై!

"ముందు పరిగెత్తండి బాబూ," అంది టీచరమ్మ నవ్వాపుకోలేక. "గడియారం నేను పట్టుకుంటాలెండి."